చూడని కాలం మీద బెంగ: ముఖం చాటేసిన బరియల్ పాటల కథ

2008 వేసవిలో లండన్‌లో ‘ది సన్’ పత్రిక ఒక వేటకు దిగింది. బరియల్ అనే పేరుతో ఎలక్ట్రానిక్ పాటలు చేస్తున్నది ఎవరో కనిపెట్టి తీరతామని ప్రకటించింది. అప్పటికి ఆ పేరు మీద రెండు ఆల్బమ్‌లు వచ్చాయి. ఒక్క కచేరీ జరగలేదు, మనిషిని గుర్తుపట్టే ఫోటో ఒక్కటీ లేదు. కానీ రెండో ఆల్బమ్ ‘అన్‌ట్రూ’ బ్రిటన్‌లో ఎంతో పేరున్న మెర్క్యురీ ప్రైజ్ తుది జాబితాలోకి వచ్చేసింది. ప్రైజ్ వస్తే స్టేజి ఎక్కి తీసుకునేదెవరు? కొందరు ఏఫెక్స్ ట్విన్ అన్నారు, కొందరు ఫ్యాట్‌బాయ్ స్లిమ్ అన్నారు, ఇంకొందరు ఫోర్ టెట్ అన్నారు. పేరున్న సంగీతకారుడే ఎవరో మారుపేరుతో ఆడుకుంటున్నాడని చాలామంది నమ్మారు.

అదే ఏడాది ఫిబ్రవరిలో ‘ది ఇండిపెండెంట్’ పత్రిక దాదాపు సరైన గుట్టే విప్పింది, ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. ఆగస్టులో ఈ గోల భరించలేక అతనే అప్పటి సోషల్ నెట్‌వర్క్ మైస్పేస్‌లో నాలుగు ముక్కలు రాశాడు. పేరు విల్ బెవన్. ఒక ఫోటో. హడావిడి గిట్టని మనిషిననీ, పాటలు చేసుకోవడమే తనకు కావాలనీ చెప్పి ఊరుకున్నాడు. సెప్టెంబరులో ప్రైజ్ ఎల్బో అనే బ్యాండ్‌కు వెళ్ళింది.

పేరు తెలిసింది కదా, మరి చిక్కుముడి విడిందా? లేదు. దక్షిణ లండన్ కుర్రాడు, పట్నీలోని ఎలియట్ స్కూల్లో చదివాడు (ఫోర్ టెట్‌దీ అదే బడి, పుకారుకు అదీ కొంత ఆజ్యం పోసి ఉంటుంది). ఇంతకుమించి ఆ పేరు వెనక ఏమీ దొరకలేదు. అసలు ప్రశ్న వేరే ఉంది. అతని పాటలు వింటే ఒక పోయిన యవ్వనం మీద, అయిపోయిన ఒక పెద్ద పండగ మీద గుండె పిండేసే బెంగ వినిపిస్తుంది. ఆ పండగకి అతను వెళ్ళనే లేదు. మరి ఆ బెంగ ఎవరిది?

ఆ పండగ పేరు రేవ్. 1988, 89 ప్రాంతంలో బ్రిటన్ కుర్రకారు ఖాళీ గోడౌన్లలో, లండన్ చుట్టూ తిరిగే ఎం25 రింగురోడ్డు పక్క పొలాల్లో రాత్రంతా డ్యాన్స్ చేయడం మొదలుపెట్టారు. ఎక్కడ జరుగుతుందో ముందు చెప్పేవారు కాదు. ఆఖరి నిమిషంలో ఒక ఫోన్ నంబరుకు చేస్తే దారి తెలిసేది. లైసెన్సు లేని పైరేట్ రేడియోలు ఎత్తైన అపార్ట్‌మెంట్ల మీద యాంటెన్నాలు పెట్టి ఆ సంగీతాన్ని ఊరంతా పంచేవి. 1992 మేలో వూస్టర్‌షైర్‌లోని కాసిల్‌మార్టన్ మైదానంలో ఇరవై వేలమందికి పైగా చేరి రోజుల తరబడి కదల్లేదు. దాంతో ప్రభుత్వానికి టెన్షన్ పట్టుకుంది. 1994లో వచ్చిన క్రిమినల్ జస్టిస్ చట్టం ఆరుబయట వందమందికి పైగా చేరి రాత్రిపూట మోత పెట్టే సంగీత సమావేశాలను ఆపే అధికారం పోలీసులకిచ్చింది. ఏ సంగీతం అనే నిర్వచనంలో ‘ఒకదాని వెంట ఒకటిగా మళ్ళీమళ్ళీ వచ్చే దరువులు’ అనే అర్థం వచ్చే మాటలు కూడా ఉన్నాయి. లయను చట్టంలో నిర్వచించాలని కూర్చున్న ఆ అధికారుల అవస్థ తలుచుకుంటే నవ్వొస్తుంది.

ఆ తర్వాత రేవ్ లైసెన్సున్న క్లబ్బుల్లోకి వెళ్ళింది. సంగీతం మాత్రం పిల్లలు పెట్టింది: జంగిల్, ఆ తర్వాత యూకే గరాజ్, 2000 తర్వాత లండన్ దక్షిణ కొసనున్న క్రాయిడన్‌లో డబ్‌స్టెప్. బరియల్ మొదటి రికార్డు వచ్చింది 2005లో. అంటే పండగ ముగిసి, పందిరి విప్పేసి, దాని మనవలు కూడా ఎదిగొచ్చాక.

రేవ్‌లు మొదలైనప్పుడు బెవన్ చిన్నపిల్లాడు. అతని అన్నలు వెళ్ళేవారు. టేపులు తెచ్చేవారు, కబుర్లు చెప్పేవారు. 2007 చివర్లో విమర్శకుడు మార్క్ ఫిషర్‌కు ‘ది వైర్’ పత్రిక కోసం ఇచ్చిన ఇంటర్వ్యూలో ఈ సంగతి అతనే చెప్పుకున్నాడు. తను పొలంలో జరిగే రేవ్‌కు వెళ్ళలేదు, గోడౌన్ పార్టీకి వెళ్ళలేదు, విన్నవన్నీ అన్నల నోట విన్నవే. ఈ అనుభవం మనకు కొత్త కాదు. అన్నయ్య మొదటి రోజు మొదటి ఆట చూసొచ్చి, రాత్రి దీపాలార్పాక పక్క మంచం మీంచి చెప్పే సినిమా అసలు సినిమా కన్నా చాలా పెద్దది. తర్వాత టికెట్ కొనుక్కుని చూసినా దానికి సాటి రాదు. బెవన్‌కైతే ఆ టికెట్ కొనే అవకాశం కూడా లేదు, హాలే ఎత్తేశారు.

కాబట్టి ఇది గుర్తుచేసుకుంటున్న బెంగ కాదు, ఊహించుకుంటున్న బెంగ. జ్ఞాపకానికి అంచులుంటాయి: ఆ రోజు కాలు నొప్పెట్టింది, బస్సు దొరకలేదు, పక్కవాడు విసిగించాడు. ఊహకు అవేవీ ఉండవు. బరియల్ పాటల్లో కాలం అంత మెత్తగా, అంత దిగులుగా వినిపించడానికి నాకు తోచిన మొదటి కారణం ఇదే.

రెండో కారణం పనితనం. దీని దగ్గర కాసేపు ఆగాలి, ఎందుకంటే బరియల్ గురించి రాసినవాళ్ళలో సగంమంది ‘దయ్యాల్లాంటి గొంతులు’, ‘వానలో తడిసిన లండన్’ అని రెండు ముక్కలు రాసి వెళ్ళిపోతారు. ఆ దయ్యాన్ని ఎలా తయారుచేశాడో చెప్పరు.

ముందు దరువు. మామూలు హౌస్ సంగీతంలో నాలుగు దెబ్బల తాళానికి నాలుగుసార్లూ కిక్ డ్రమ్ పడుతుంది, ధన్ ధన్ ధన్ ధన్. కాలు దానంతటదే కదులుతుంది. 1990ల చివర్లో లండన్‌లో ఊపేసిన టూ-స్టెప్ గరాజ్ ఆ నాలుగులో కొన్నిటిని ఎత్తేసింది. పడాల్సిన దెబ్బ పడకపోవడం వల్ల పాట తొణుకుతూ నడుస్తుంది, ఆ ఖాళీని మన ఒళ్ళే నింపుకుంటుంది. బరియల్ పట్టుకున్నది ఈ నడకనే. అయితే ఇక్కడ అతని పద్ధతి వేరు. ఎలక్ట్రానిక్ సంగీతం చేసేవాళ్ళు మామూలుగా సీక్వెన్సర్ వాడతారు. అందులో తెర మీద గళ్ళుంటాయి, ఏ డ్రమ్ దెబ్బనైనా గడిలో పెడితే తాళం తప్పదు. బెవన్ సీక్వెన్సర్ వాడలేదు. సౌండ్ ఫోర్జ్ అనే సాఫ్ట్‌వేర్‌తో పని కానిచ్చాడు. అది రికార్డైన శబ్దాన్ని కత్తిరించి అతికించుకునే ఎడిటర్ మాత్రమే. గళ్ళు ఉండవు, తెర మీద అలల బొమ్మ ఒకటి కనిపిస్తుంది, అంతే. దరువు బాగా కుదిరితే ఆ బొమ్మ చేప ముల్లులా కనబడుతుందని అతను చెప్పాడు. అంటే తాళాన్ని చెవితో సగం, కంటితో సగం పేర్చుకుంటూ పోయాడన్నమాట. ఏ దెబ్బా గడిలో కచ్చితంగా పడదు. వెంట్రుకవాసి ముందో, వెంట్రుకవాసి వెనకో పడుతుంది. వినేవాడికి తప్పు అనిపించదు, మనిషి నడుస్తున్నట్టు అనిపిస్తుంది. తాళం తప్పిన మృదంగం కాదిది, ఒంటరిగా ఇంటికెళ్తున్నవాడి అడుగుల చప్పుడు.

తర్వాత గొంతులు. ‘అన్‌ట్రూ’లో అందరికీ గుర్తుండే పాట ‘ఆర్క్ఏంజెల్’. అందులో వినిపించే గొంతు అమెరికన్ ఆర్ అండ్ బీ గాయకుడు రే జేది. అతని పాటలోంచి మాటలను ముక్కలుగా కోసి, శ్రుతి పైకీ కిందికీ మార్చి, మళ్ళీ కుట్టాడు. మగగొంతు శ్రుతి పెంచితే అది ఆడదో మగదో తేలని చోటికి చేరుతుంది. ఆడగొంతు దించినా అంతే. మాటలు సగం సగం తెగిపోవడంతో ఎవరు ఎవరితో ఏమంటున్నారో పూర్తిగా అందదు. ప్రేమో, క్షమాపణో, వీడ్కోలో ఏదో ఒకటి జరుగుతోందని మాత్రం తెలుస్తుంది.

ఇక్కడ ఒక చిన్న లెక్క చూడండి. రే జే పాట వచ్చింది 2005లో. ‘అన్‌ట్రూ’ వచ్చింది 2007 నవంబరులో. ఎప్పుడో పోయిన కాలం నుంచి పిలుస్తున్నట్టు వినిపించే ఆ గొంతు అప్పటికి రెండేళ్ళ కిందటి హిట్టు పాట! అదే ‘ఆర్క్ఏంజెల్’లోని తంత్రీనాదం ‘మెటల్ గేర్ సాలిడ్ 2’ అనే వీడియో గేమ్‌లోంచి తీసుకున్నది, అది 2001 నాటి ఆట. అంటే ఈ పాటలో మనల్ని ఏడిపించే ముడిసరుకులో రేవ్ కాలానిది లేదు. పాతదనం సరుకులో లేదు, పాకంలో ఉంది. బరియల్ గురించి నాకు అన్నిటికన్నా ముఖ్యంగా తోచే విషయం ఇది. నాస్టాల్జియా అంటే పాత వస్తువును బయటికి తీయడం అనుకుంటాం. కొత్త వస్తువును కూడా పాతదాన్ని చూసినట్టు చూపించొచ్చని, అది ఒక చూపే తప్ప తేదీ కాదని ఈ పాట రుజువు చేసింది.

ఆ చూపును తెచ్చేది మూడో పొర, చిటపట. పాట మొదలైన దగ్గర్నుంచీ వెనకాల గీతలు పడ్డ గ్రామఫోన్ రికార్డు చప్పుడు వినిపిస్తుంటుంది. దానికి తోడు వాన, మంట, దూరంగా వెళ్ళే బండి, గేముల్లో తూటా తొడుగులు నేల మీద పడే గలగల. నిజానికి ఆ పాట ఏ రికార్డు మీదా అరగలేదు, కంప్యూటర్‌లో పుట్టింది. అయినా చెవి మోసపోతుంది. చిటపట వినగానే ‘ఇది చాలా చేతులు మారి నా దాకా వచ్చింది’ అనుకుంటుంది. పైగా గొంతులన్నీ గుంభనంగా, గోడకు అవతల నుంచి వస్తున్నట్టుంటాయి. క్లబ్బు లోపల వినే పాట కాదు, క్లబ్బు మూసే వేళకు వీధిలో నిలబడ్డవాడికి వినిపించే పాట. పాటల పేర్లు చూసినా అంతే: మొదటి ఆల్బమ్‌లో ‘నైట్ బస్’, రెండోదాంట్లో ‘ఇన్ మెక్‌డోనల్డ్స్’. రేవ్ ఎక్కడా లేదు, రేవ్ అయ్యాక ఇంటికి చేరే దారి ఉంది. 2006 నాటి మొదటి ఆల్బమ్ అట్ట మీద దక్షిణ లండన్‌ను పైనుంచి తీసిన ఫోటో, ‘అన్‌ట్రూ’ అట్ట మీద తనే గీసిన బొమ్మ, కప్పు ముందు పెట్టుకుని తల వంచుకుని కూర్చున్న ఒక మనిషి.

ఇప్పుడు మళ్ళీ ముఖం సంగతికి వద్దాం. ముఖం దాచుకోవడం ఎలక్ట్రానిక్ సంగీతంలో బెవన్ కనిపెట్టిందేమీ కాదు. రేవ్ రోజుల్లో రికార్డులు చాలావరకు ‘వైట్ లేబుల్’ మీద వచ్చేవి. మధ్యలో అంటించే కాగితం మీద పేరుండదు, ఊరుండదు. డీజేకు పాట నచ్చిందా లేదా, అంతే లెక్క. డెట్రాయిట్‌లో అండర్‌గ్రౌండ్ రెసిస్టెన్స్ బృందం ముఖాలు కప్పుకుని కనిపించేది. సంగీత పరిశ్రమకు స్టార్లు కావాలి, మేం స్టార్లం కాము అనడం వాళ్ళ రాజకీయం. ఫ్రాన్స్ జంట డాఫ్ట్ పంక్ రోబో హెల్మెట్లు పెట్టుకుంది. అయితే హెల్మెట్ కూడా ఒక ముఖమే, టీషర్టు మీద అచ్చు వేసుకోవచ్చు. బెవన్ ముసుగు కూడా ఇవ్వలేదు. డీజేగా రాలేదు, స్టేజి ఎక్కలేదు, 2007 తర్వాత ఇంటర్వ్యూలు కూడా దాదాపు మానేశాడు.

ఇది సిగ్గా, సిద్ధాంతమా, వ్యాపార తెలివా? మొదట సిగ్గే అయివుంటుంది. వైట్ లేబుల్ సంప్రదాయం మీద ప్రేమ అందులో కలిసింది. వ్యాపారం సంగతి కూడా దాచుకోనక్కర్లేదు. ‘ఎవరతను’ అనే ప్రశ్న ఖర్చు లేని ప్రచారమైంది. అతని రికార్డులు విడుదల చేసే చిన్న కంపెనీ (లేబుల్), స్టీవ్ గుడ్‌మన్ (డీజేగా కోడ్9) నడిపే హైపర్‌డబ్ పేరు ప్రపంచమంతా తెలియడానికి ‘అన్‌ట్రూ’తో పాటు ఈ మిస్టరీ కూడా సాయపడింది. దాక్కున్నవాడి కోసం వెతకడం జనానికి సరదా, అందులో విచిత్రమేమీ లేదు.

కానీ వినేవాడి వైపు నుంచి చూస్తే దీని ప్రభావం ఇంకా లోతైనది. ఒక గాయకుడి జీవితకథ మనకు తెలిస్తే అతని పాటలోని బెంగ అతనిదే అవుతుంది. అతని ఊరు, అతని విడాకులు, అతని తల్లి. మనం సానుభూతిగా వింటాం, అంతే. బరియల్ పాటలో ఆ సొంతదారు కుర్చీ ఖాళీగా ఉంది. గొంతు ఎవరిదో తెలియదు, ఆడో మగో తెలియదు, చేసినవాడి ముఖం తెలియదు, మాటలు పూర్తిగా అందవు. ఖాళీ కుర్చీలో వినేవాడే కూర్చుంటాడు. లండన్ మొహం చూడనివాడు, రేవ్ అంటే ఏమిటో తెలియనివాడు కూడా ఇది విని తన ఇరవయ్యేళ్ళ వయసు గుర్తొచ్చి కదిలిపోవడం అందుకే. అతను దూరంగా ఉండటం, గొంతుల్ని అలా ముక్కలు చేయడం, రెండూ ఒకే పని. నామధేయం దాచడం పాటకు బయట ఉన్న వార్త కాదు, పాట అల్లికలోనే ఒక పోగు.

విమర్శకులు దీన్ని మరో వైపు నుంచి పట్టుకున్నారు. ఫ్రెంచి తత్వవేత్త జాక్ దెరిదా 1993లో మార్క్స్ మీద రాసిన పుస్తకంలో ‘హాంటాలజీ’ అనే ఆలోచన తెచ్చాడు. పూర్తిగా లేనిదీ, పూర్తిగా పోనిదీ ఒకటి మన మధ్య తిరుగుతుంటుందని స్థూలంగా దాని భావం. 2005, 06 ప్రాంతంలో మార్క్ ఫిషర్, సైమన్ రేనాల్డ్స్ దాన్ని సంగీతానికి అన్వయించారు. ఫిషర్ వాదం ఇలా సాగుతుంది: మనల్ని వెంటాడేది గతం కాదు, గతంలో మనకు మాటిచ్చి రాకుండా పోయిన భవిష్యత్తు. రేవ్‌లో తెల్లవాళ్ళూ నల్లవాళ్ళూ, పనివాళ్ళూ చదువుకున్నవాళ్ళూ ఒకే పొలంలో రాత్రంతా కలిసి ఆడారు. రేపటి ప్రపంచం ఇలాగే ఉంటుందని కొన్నాళ్ళు నమ్మారు. ఉండలేదు. బరియల్ పాటలు ఆ రాని రేపటికి పెట్టిన దీపాలు.

ఇది బలమైన వాదన, కొంత నిజం కూడా. ఫిషర్ రాసిన తీరు చదివితే ఒప్పుకోకుండా ఉండటం కష్టం. కానీ అతను ఒక పూర్తి తరం ఓటమిని మోయమని ఈ పాటల మీద మరీ పెద్ద బరువే పెట్టాడనిపిస్తుంది. బెవన్ చెప్పుకున్న కథలో ఓడిన ఉద్యమం లేదు. ఇంట్లో చిన్నవాడున్నాడు, తలుపు వేసుకుని బయటికెళ్ళిపోయే అన్నలున్నారు. అసూయ, ఆరాధన, వెనకబడిపోయానన్న దిగులు, ఇవి చాలు ఆ పాట పుట్టడానికి. పైగా ఆ దిగులులో రాజకీయం లేదని కాదు. ఆడుకునే చోట్లు ఒక్కొక్కటే మూతపడే నగరంలో పెరిగిన చిన్నవాడికి, అన్నలకున్నంత బయట మిగల్లేదు. సిద్ధాంతం చివర్న చేరే చోటికి ఆ పిల్లవాడు ముందే చేరి ఉన్నాడు.

‘అన్‌ట్రూ’ తర్వాత మూడో ఆల్బమ్ రాలేదు. ఈపీలనే చిన్న రికార్డులు వచ్చాయి, ఎక్కువగా రెండు మూడు పాటలవి, కొన్ని పాటలు పది నిమిషాలు దాటేవి. వరసగా వింటే యవ్వనం పట్ల అతని వైఖరి మారడం తెలుస్తుంది. 2013 డిసెంబరులో వచ్చిన ‘రైవల్ డీలర్’ దగ్గర మలుపు పెద్దది. అది పోయిన యవ్వనం గురించి కాదు, ఇప్పుడు యవ్వనంలో ఉండి బాధపడుతున్నవాళ్ళ కోసం. బీబీసీ ప్రెజెంటర్ మేరీ యాన్ హాబ్స్‌కు అతను ఒక సందేశం పంపాడు. వేధింపులు పడేవాళ్ళకు ధైర్యమివ్వాలని, తమ గురించి ఆలోచించేవాళ్ళు ఒకరున్నారని తెలియాలని ఆ పాటలు చేశానన్నాడు. చివరి పాటలో దర్శకురాలు లానా వాచోవ్‌స్కీ ట్రాన్స్ మహిళగా తన చిన్నతనం గురించి చేసిన ప్రసంగం ముక్కలు వినిపిస్తాయి. మాటలు ముక్కలు చేసి దాచిన మనిషి ఇక్కడ మాటల్ని దాదాపు స్పష్టంగా వినబడనిచ్చాడు. కొందరు పాత అభిమానులకు ఇది మరీ తియ్యగా ఉందనిపించింది. నాకైతే అతని పాటల్లో అన్నిటికన్నా తెగువ ఉన్నది ఇదే. దిగులును అందంగా చేయడం ఒక స్థాయి దాటాక సులువైపోతుంది, ఎవరికైనా పనికొచ్చేలా చేయడం కష్టం.

2022 జనవరిలో ‘యాంటీడాన్’ వచ్చేసరికి దరువే మాయమైంది. చిటపట, గొంతులు, ఆర్గన్ లాంటి స్వరాలు, మధ్యమధ్య మౌనం. అన్ని నిమిషాలు దరువు కోసం ఎదురుచూస్తూ కూర్చోవడమే అనుభవం. కొన్నిచోట్ల విసుగొస్తుంది, దాయడమెందుకు.

ఈ ఏళ్ళలో ఇదే దారిలో వేరే ప్రయత్నాలూ జరిగాయి. ‘ది కేర్‌టేకర్’ పేరుతో లేలాండ్ కర్బీ 2016 నుంచి 2019 దాకా ఆరు ఆల్బమ్‌ల వరస విడుదల చేశాడు, మొత్తం ఆరున్నర గంటలు. పాతకాలపు బాల్‌రూమ్ రికార్డులతో మొదలై, మతిమరుపు వ్యాధి ముదిరేకొద్దీ జ్ఞాపకం చెదిరినట్టు ఆ పాటలు మెల్లగా చీకి చివరికి హోరుగా మిగులుతాయి. 2020లో టీనేజి పిల్లలు టిక్‌టాక్‌లో దాన్ని మొత్తం వినడం ఒక ఛాలెంజ్‌గా పెట్టుకున్నారు. ముత్తాతల కాలం పాటలు విని పదహారేళ్ళ పిల్లలు ఏడ్చారంటే, బెంగకు సొంత జ్ఞాపకం అక్కర్లేదన్న మాటకు ఇంకో సాక్ష్యం దొరికినట్టే.

మన దగ్గర యూట్యూబ్‌లో తెలుగు సినిమా పాటల్ని ‘స్లోడ్ అండ్ రివర్బ్’ అని వేగం తగ్గించి, గొంతును గుహలో పెట్టినట్టు మార్చి పెడుతున్నారు. నిరుడు వచ్చిన పాటకు కూడా ఆ పూత పూయగానే ఎప్పటిదో అనిపిస్తుంది. సూత్రం రే జే పాటకు చేసినదే. తేడా ఎక్కడంటే ఇక్కడ ఒక మీట నొక్కితే పాట మొత్తానికి ఒకే పూత పడుతుంది. బరియల్ ఏ మాట తెగాలి, ఏ దెబ్బ వెంట్రుకవాసి ఆలస్యం కావాలి అని ఒక్కొక్కటీ తేల్చుకున్నాడు. చిటపట చప్పుడు ఇప్పుడు ప్లగిన్‌గా దొరుకుతుంది. దాన్ని వేసుకున్న వేల పాటల్లో చాలావరకు పాతగా వినిపిస్తాయి, కానీ ఎవరి మీదా బెంగ పుట్టదు.

2024 ఫిబ్రవరిలో బరియల్ కొత్త రికార్డు హైపర్‌డబ్ మీద కాక ఎక్స్‌ఎల్ రికార్డింగ్స్ మీద వచ్చింది. 1990ల మొదట్లో ది ప్రాడిజీ రేవ్ పాటల్ని విడుదల చేసిన లేబుల్ అది, అన్నల తరంది. ‘డ్రీమ్‌ఫియర్’, ‘బాయ్ సెంట్ ఫ్రమ్ అబవ్’ అని రెండే పాటలు, ఒక్కోటి పన్నెండు నిమిషాలకు పైనే. ఈసారి దరువు గోడ అవతల లేదు. పాత రేవ్ సింథ్‌లు, విరిగిన డ్రమ్ములు, వేగం, అన్నీ చెవి పక్కనే మోగుతాయి. మధ్యమధ్య హఠాత్తుగా అంతా ఆగి చిటపట మిగులుతుంది, మళ్ళీ ఇంకో దరువు అందుకుంటుంది. డ్యాన్స్ చేయడానికి పనికొచ్చే బరియల్ ఇది. క్లబ్బుల్లో దాన్ని వేస్తున్నది మాత్రం వేరే డీజేలు.